కథను మరో చోటికి మారిస్తే ఏమి విరుగుతుంది?

పాతపటం | సోమవారం, ఉదయం 8:40

చాలా రోజులుగా ఒక సంగతి మనసును తొలుస్తోంది. ఇక్కడ చదివేవాళ్లూ రాసేవాళ్లూ ఇద్దరూ ఉన్నారు కాబట్టి అడుగుతున్నాను.

ఈ మధ్య ఒక కథ రాశాను. ఏళ్ల తరబడి మాటలు లేని అన్నదమ్ములు, ఆసుపత్రిలో ఉన్న తల్లిని చూడటానికి వచ్చి, మెట్ల మలుపులో ఎదురుపడతారు. అన్న ఎక్కుతున్నాడు, తమ్ముడు దిగుతున్నాడు. మెట్లు ఇరుకు. ఒకరు గోడకు ఒత్తిగిలితే తప్ప రెండోవారు కదలలేరు. కథంతా ఆ అర నిమిషమే. పత్రికకు పంపితే వారు మర్యాదగానే జవాబిచ్చారు. కథ బాగుందట, స్థలవర్ణన ఎక్కువైందట, తగ్గిస్తే ఎక్కడి పాఠకుడికైనా అందుతుందట. సరేనని మెట్లు తీసేసి, ఇద్దరినీ ఆసుపత్రి హాల్లో కలిపాను. కథ చచ్చిపోయింది. హాల్లో పక్కనుంచి తప్పుకుపోవచ్చు, చూడనట్టు నడిచిపోవచ్చు. ఇద్దరి మధ్య పగ అంతే ఉంది, తల్లి జబ్బూ అంతే ఉంది. పోయింది నాలుగడుగుల వెడల్పు ఒక్కటే.

కథలో చోటు అంటే వెనక వేలాడే తెరా, లేక కథను నడిపే చేయా? సంస్కృతి విషయంలోనూ ఇదే అడగాలనిపిస్తోంది. మన భాష ఈ సంగతిని ఎప్పుడో పసిగట్టినట్టుంది. ‘అవకాశం’ అనే మాటకు సంస్కృతంలో మొదటి అర్థం ఖాళీ జాగా. మనం దాన్ని ‘వీలు’ అనే అర్థంలో వాడుతున్నాం. ‘సందేహానికి తావు లేదు’ అంటాం. సంఘటన ‘చోటు చేసుకుంది’ అంటాం. ఏది జరగాలన్నా ముందు దానికి జాగా కావాలని ఈ మాటలు చెప్పడం లేదా?

సంచారి | సోమవారం, ఉదయం 10:05

మీ కథకు జరిగింది బాధాకరమే. కానీ ఒక్క కథను పట్టుకొని ఇంత పెద్ద మాట అనగలమా? గొప్ప కథలన్నీ చోటు దాటి వెళ్లినవే. రామాయణం ఎన్ని దేశాలకు వెళ్లింది! థాయిలాండ్‌లో ‘రామకియెన్’ అయింది, కంబోడియాలో ‘రియామ్‌కేర్’ అయింది, జావాలో తోలుబొమ్మలాట అయింది. హామ్లెట్ డెన్మార్క్ రాజకుమారుడు. ఆ నాటకం చూసే లక్షలమందిలో డెన్మార్క్ ఎక్కడుందో తెలిసినవాళ్లు ఎంతమంది? పగ, ప్రేమ, అసూయ, ఎడబాటు ఎక్కడైనా ఒకటే. చోటు వాటికి తొడిగిన బట్ట. బట్ట మారిస్తే మనిషి మారడు.

నెలవు | సోమవారం, మధ్యాహ్నం 1:30

సంచారి గారూ, బట్ట అన్న పోలికతో నాకు పేచీ ఉంది. మీరు ‘ఎడబాటు ఎక్కడైనా ఒకటే’ అన్నారు. దాదాపు రెండు వేల ఏళ్ల క్రితపు తమిళ సంగం కవులు దీనికి సరిగ్గా వ్యతిరేకంగా ఆలోచించారు.

వారి ప్రేమ కవిత్వంలో ఐదు తిణైలు, అంటే నేలను బట్టి విడదీసిన భావసీమలు, ఉంటాయి. కొండ సీమ కురింజి, అక్కడ ప్రేమికుల కలయిక. అడవి, పచ్చిక బయళ్లు ముల్లై, అక్కడ భర్త తిరిగి వస్తాడన్న నమ్మకంతో ఎదురుచూపు. పంట పొలాల మరుదంలో అలక, ఎందుకంటే భర్త మరొకరి దగ్గరికి వెళ్లాడు. సముద్ర తీరం నెయ్దల్, అక్కడ కలత, శోకం. ఎండిన దారి పాలై, అక్కడ ఎడబాటు. ఒక్కో నేలకు ఒక్కో పువ్వు, ఒక్కో పొద్దు, ఒక్కో ఋతువు. కవి ఒక పువ్వు పేరెత్తితే చాలు, నాయిక మనసులో ఏముందో వినేవారికి తెలిసిపోతుంది. ‘నేను దుఃఖంలో ఉన్నాను’ అని చెప్పనక్కరలేదు.

చూడండి, మీరు ఒకటే అనుకున్న ఎడబాటును వారు ఒక్కటిగా చూడలేదు. అడవి అంచున ఎదురుచూసే ఆమెది ఒక ఎడబాటు. అలల ముందు కూర్చున్న ఆమెది ఇంకొకటి. మండే దారిలో నడిచిపోతున్నవాడిది మూడోది. నేల మారితే భావం పేరే మారింది.

నన్ను అన్నిటికన్నా కదిలించేది పాలై. తమిళ కావ్యం ‘శిలప్పదికారం’లో ఒక మాట ఉంది: పాలై విడిగా ఒక సీమ కాదు, ఎండలు ముదిరి ముల్లై, కురింజి తమ స్వభావం కోల్పోతే అవే పాలై అవుతాయట. నిన్న కలుసుకున్న కొండే ఇవాళ ఎడబాటు నేల. ఇంతకన్నా సూటిగా ప్రేమ గురించి ఎవరు చెప్పారు?

గడప | సోమవారం, సాయంత్రం 6:15

నెలవు గారు చెప్పినదానికి ఒక ముడి వేస్తాను. ప్రాచీన తమిళ వ్యాకరణ గ్రంథం ‘తొల్కాప్పియం’ కవితా వస్తువును విడదీస్తూ ‘ముదల్’, అంటే మొదటిది, నేల, కాలం అంటుంది. పక్షులు, చెట్లు, దేవతలు ఆ తర్వాత. రష్యన్ విమర్శకుడు మిహాయిల్ బఖ్తీన్ 1937-38లో రాసిన వ్యాసంలో నవలలను స్థలకాలాల అల్లికను బట్టి వర్గీకరించాడు. దానికి ‘క్రోనోటోప్’ అని పేరు పెట్టాడు. గ్రీకులో కాలం, చోటు అనే రెండు మాటలు అతికించిన పేరది. ఒకరి సంగతి ఒకరికి తెలియకుండా, శతాబ్దాల ఎడంలో, ఇద్దరూ ఒకే గుమ్మం ముందుకు వచ్చారు.

పాతపటం గారూ, మీ మెట్ల గురించి బఖ్తీన్ ముందే చెప్పాడని చెప్పడానికే ఇదంతా. దారి అనుకోకుండా ఎదురుపడే చోటు: పెద్దింటివాడు, బిచ్చగాడు, సైనికుడు, యాత్రికుడు, ఒక కప్పు కింద కలవనివాళ్లు దారిలో కలుస్తారు. అందుకే అన్ని పాత కథల్లో అంత ప్రయాణం. గడప తెగతెంపుల చోటు, అక్కడ మనిషి నిర్ణయం తీసుకోవాలి, లేదా తీసుకోలేక నిలబడిపోవాలి. దోస్తొయెవ్‌స్కీ నవలల్లో ముఖ్యమైనవన్నీ తీరిగ్గా కూర్చునే గదుల్లో జరగవు, గుమ్మాల దగ్గర, నడవాల్లో, మెట్ల మీద జరుగుతాయి. ‘నేరము-శిక్ష’ నాయకుడు రస్కోల్నికోవ్ ఉండే గది అలమర అంత ఉంటుంది. ఆ గదిలోంచి మెట్ల మీదికి, మెట్ల మీదినుంచి వీధిలోకి అతను వచ్చిపోతుంటే మనకు ఊపిరాడదు.

మీ కథను హాల్లోకి మార్చినప్పుడు మీరు తీసేసింది వర్ణన కాదు. నిర్ణయం తీసుకోక తప్పని చోటును తీసేశారు.

సంచారి | సోమవారం, రాత్రి 9:50

ఆలోచనలో పడేశారు. అయినా నా మాట పూర్తిగా వదలను. కాళిదాసు మేఘదూతం తీసుకోండి. రామగిరిలో ఏడాది శాపంతో ఉన్న యక్షుడు అలకాపురిలో ఉన్న భార్యకు మేఘంతో కబురు పంపుతాడు. మొదటి భాగం పూర్వమేఘమంతా దారి వర్ణనే అని ఒప్పుకుంటాను. కానీ నన్ను పట్టి ఊపేది దారి కాదు, అతని బెంగ. ఆ కొండల పేర్లు ఒక్కటీ తెలియకపోయినా ఆ బెంగ అందుతుంది.

నెలవు | సోమవారం, రాత్రి 10:20

అందులోనే ఒక ఘట్టం గుర్తు చేస్తాను. ఉజ్జయిని నీ దారికి అడ్డం, చుట్టు తిరుగుడే, అయినా చూసి వెళ్లు అంటాడు యక్షుడు. భార్యకు కబురు ఎంత త్వరగా అందితే అంత మేలు కదా, మరి ఎందుకు చుట్టు తిప్పుతాడు? అతని బెంగ ఒక్క మనిషి మీద మాత్రమే కాదు, తాను మళ్లీ చూడలేకపోతున్న లోకమంతటి మీదా ఉంది. ఆ వంకర దారి తీసేస్తే బెంగ సగమవుతుంది.

తూర్పుగాలి | మంగళవారం, ఉదయం 7:10

మేఘదూతం దాకా వచ్చి ఆగిపోతే ఎలా? తర్వాతి మెట్టు గుర్రం జాషువా ‘గబ్బిలం’, 1941.

అదే అచ్చు. ఒకడు ఒంటరిగా ఉన్నాడు, తాను వెళ్లలేడు, ఎగిరేదానితో కబురు పంపుతున్నాడు. కానీ యక్షుణ్ని ఆపింది ఏడాదితో తీరే శాపం. జాషువా మనిషిని ఆపింది గుడి గుమ్మం. దానికి గడువు లేదు. అంటరానివాడని మనిషిని లోపలికి రానివ్వని గుడిలో గబ్బిలం హాయిగా తలకిందులుగా వేలాడుతుంది. గబ్బిలానికి దొరికిన చోటు మనిషికి దొరకలేదు. నువ్వు వేలాడేటప్పుడు శివుడి చెవి నీకు దగ్గరగా ఉంటుంది, పూజారి లేని వేళ చూసి నా గోడు చెప్పమంటాడు. ఈ ఊహ ఎంత ఖచ్చితమైందో గమనించారా? పైకప్పు, చెవి, మధ్యనున్న దూరం, పూజారి ఉండే వేళ, లేని వేళ. కొలతలతో సహా ఒక గర్భగుడి కళ్లకు కడుతుంది. చదివిన ప్రతిసారీ నా గొంతు పట్టేస్తుంది.

సంచారి గారూ, కథలు ప్రయాణం చేస్తాయన్న మీ మాట నిజం. కాళిదాసు పద్ధతి ఇక్కడికి ప్రయాణం చేసి వచ్చింది. వచ్చాక అలాగే ఉండలేదు. ‘వెళ్లలేకపోవడం’ అనే ఒక్క మాటకు అర్థం మారిపోయింది. శాపం వల్ల వెళ్లలేకపోవడం వేరు, పుట్టుక వల్ల వెళ్లనివ్వకపోవడం వేరు.

మనం ఇప్పటిదాకా చోటు అంటే కొండ, సముద్రం, మెట్లు అన్నట్టు మాట్లాడాం. చోటు అంటే ఎవరిని ఎక్కడ నిలబడనిస్తారన్నది కూడా. ఉన్నవ లక్ష్మీనారాయణ తన నవలకు ‘మాలపల్లి’ అని పేరు పెట్టారు. వ్యక్తి పేరు పెట్టలేదు, ఊరికి వెలుపల గీత గీసి ఉంచిన చోటు పేరు పెట్టారు. ఆ పేరే సగం వాదన. మద్రాసు ప్రభుత్వం ఆ నవలను నిషేధించింది. వెనక వేలాడే తెరను ఎవరూ నిషేధించరు.

సంచారి | మంగళవారం, ఉదయం 8:25

‘వెళ్లలేకపోవడం, వెళ్లనివ్వకపోవడం’. దీనికి నా దగ్గర జవాబు లేదు. బట్ట అన్న పోలికను వెనక్కి తీసుకుంటున్నాను.

రెండోగది | మంగళవారం, మధ్యాహ్నం 2:45

తూర్పుగాలి గారి మాటను ఇంట్లోకి తీసుకొస్తాను. ఇల్లు అనగానే సాహిత్యంలో ఊయల, నీడ, భద్రత గుర్తుకొస్తాయి. ఫ్రెంచి తత్త్వవేత్త గాస్తోన్ బాష్లార్ ఇంటి మీద ఒక పుస్తకమే రాశాడు. అటక, నేలమాళిగ, సొరుగు, మూల, ఇలా ఒక్కోటీ మన కలలకు ఎలా ఆకారమిస్తుందో చెప్పాడు. చాలా అందమైన పుస్తకం. కానీ చదువుతున్నంతసేపూ నాకో ప్రశ్న వేధించింది: ఆ అటకను ఊడ్చేది ఎవరు?

పి. సత్యవతి గారి ‘ఇల్లలకగానే’ కథలో ఒక గృహిణి ఇల్లు అలికీ అలికీ తన పేరే మరచిపోతుంది. తర్వాత ఆ పేరు కోసం వెతుక్కుంటూ బయలుదేరుతుంది. బాష్లార్ ఇంట్లో మనిషి తనను తాను పొందుతాడు. ఈ కథలో ఆమె తనను తాను పోగొట్టుకున్నది ఆ ఇంట్లోనే. నాలుగు గోడలు అవే. గోడల మధ్య ఎవరు ఏ పని చేస్తున్నారన్నదే తేడా.

ఇంగ్లీషు రచయిత్రి వర్జీనియా ఉల్ఫ్ 1929లో స్త్రీ కథలు రాయాలంటే సొంత డబ్బు, సొంత గది ఉండాలన్నది అలంకారంగా కాదు, అక్షరాలా. విశ్వవిద్యాలయంలో గడ్డి మీద నడిస్తే దారి మీదికి పొమ్మన్నారని, పరిచయ లేఖ లేనిదే గ్రంథాలయంలోకి రానివ్వలేదని ఆ వ్యాసం మొదట్లోనే ఉంటుంది. తలుపు లేని చోట రాసేవారి వాక్యం పొడవు కూడా మారుతుంది. నా అనుభవం చెబుతున్నాను: పిల్లలు చిన్నవాళ్లుగా ఉన్న ఆరేళ్లూ నేను కవితలే రాశాను. కథ రాయడానికి కావలసిన వరుస గంటలు, మూసుకోవడానికి ఒక తలుపు నాకు లేవు. నా తొలి సంపుటి చూసి ‘క్లుప్తత మీ శైలి’ అని మెచ్చుకున్నారు. అది శైలి కాదు, జాగా లేకపోవడం.

గడప | మంగళవారం, మధ్యాహ్నం 3:05

చివరి రెండు వాక్యాలూ చదివి చాలాసేపు ఏమీ రాయలేకపోయాను.

కొలతబద్ద | మంగళవారం, రాత్రి 8:30

నేను సాహిత్యం మనిషిని కాను. పటాలు తయారుచేసే వృత్తి నాది. రోజూ స్థలంతోనే పని కాబట్టి రెండు మాటలు.

పటం అబద్ధం చెప్పకుండానే మనసును మలుస్తుంది. మెర్కేటర్ 1569లో చేసిన ప్రపంచ పటం నావికుల కోసం. దిక్సూచి పట్టుకొని ఒకే దిశలో సాగే దారి దాని మీద సరళరేఖగా కనిపిస్తుంది. దానికోసం అతను ధ్రువాల వైపు వెళ్లేకొద్దీ నేలను సాగదీయవలసి వచ్చింది. అందుకే ఆ పటంలో గ్రీన్లాండ్ ఆఫ్రికాకు సాటిగా కనిపిస్తుంది. నిజానికి ఆఫ్రికా దానికి దాదాపు 14 రెట్లు. ఓడల కోసం చేసిన పటం తరగతి గది గోడ ఎక్కాక, ఏ దేశం పెద్దది, ఏది చిన్నది అన్న ఊహ తరతరాల పిల్లల్లో స్థిరపడిపోయింది.

పేర్ల సంగతి మరీ లోతు. 19వ శతాబ్దంలో బ్రిటిష్ సర్వే బృందాలు ఐర్లాండ్‌ను కొలుస్తూ ఐరిష్ ఊళ్ల పేర్లను ఇంగ్లీషు నోటికి పట్టేలా మార్చి రాసుకున్నాయి. బ్రయన్ ఫ్రీల్ 1980లో ఈ పని మీదే నాటకం రాశాడు. నా వృత్తిలో నేనూ ఒక వాగు పేరును గడిలో పట్టడం లేదని కుదించాను. ఆ పేరులో ఏ కథ ఉందో ఆ రోజు అడగలేదు. ఇప్పటికీ అది నన్ను బాధిస్తుంది.

ఒక హెచ్చరిక కూడా. చోటును ప్రేమించడం మంచిదే కానీ, ‘ఈ నేల మా రక్తంది, మిగతావాళ్లు బయటివాళ్లు’ అనే దాకా అది వెళ్లగలదు. నాజీలు ‘రక్తం, నేల’ అన్న మాటనే నినాదం చేసుకున్నారు. తూర్పుగాలి గారు చెప్పిన గుమ్మం అక్కడ దేశమంత పెద్దదైంది.

నెలవు | బుధవారం, ఉదయం 6:50

కొలతబద్ద గారూ, మీ వాగు గురించి చదివాక కీత్ బాసో గుర్తొచ్చాడు. అమెరికాలోని ఆరిజోనాలో, సిబెక్యూ అనే చోట నివసించే పశ్చిమ అపాచీల మధ్య చాలాకాలం పనిచేసిన మానవ శాస్త్రవేత్త. 1996లో వచ్చిన ఆయన పుస్తకం చోటు పేర్ల మీదే. అక్కడ ప్రతి పేరుకూ ఒక సంఘటన కట్టి ఉంటుంది. ఎవరైనా తప్పుగా నడుచుకుంటే పెద్దలు మందలించరు, ఒక చోటు పేరు చెప్పి, అక్కడ జరిగినదాన్ని నాలుగు మాటల్లో చెబుతారు. ఎవరికి తగలాలో వారికి బాణంలా తగులుతుంది. తర్వాత ఆ మనిషి ఆ కొండ పక్కనుంచి వెళ్లినప్పుడల్లా కొండే గుర్తు చేస్తుంది. చెప్పిన పెద్దాయన పోయినా కొండ ఉంటుంది కదా.

ఇప్పుడు ఆ కొండ పేరు పటంలో కుదిస్తే ఏమి పోతుందో వేరే చెప్పనక్కరలేదు. మీరు బాధపడటం సబబే అనిపిస్తోంది.

మనకూ దీనికి దగ్గరి ప్రక్రియ ఉంది, స్థలపురాణం. ఒక చోటు పేరు మీద కావ్యాలే నిలబడ్డాయి, శ్రీనాథుడి భీమఖండానికి కేంద్రం దాక్షారామం. వాటిని భక్తి గ్రంథాలని పక్కన పెట్టేయకుండా, చోటుకు జ్ఞాపకం ఎలా కడతారో చూడటానికి మళ్లీ చదవాలి.

ఖాళీసంచి | బుధవారం, ఉదయం 11:15

ఇన్నాళ్లూ చదవడమే తప్ప రాయలేదు. మీ అందరి మాటలూ విన్నాక ఒక బాధ చెప్పుకోవాలనిపించింది. అమ్మానాన్నల బదిలీల వల్ల పదో తరగతిలోపు తొమ్మిది ఇళ్లు మారాను. ‘మీది ఎక్కడ?’ అంటే ఏ పేరూ నోటికి రాదు. కొండా వాగూ ఉన్నవాళ్లకు కథలున్నాయి, మరి నాలాంటివాళ్లకు? ఫ్రెంచి పండితుడు మార్క్ ఓజే 1992లో విమానాశ్రయాలు, రహదారులు, పెద్ద దుకాణాలను ‘చోటు కాని చోట్లు’ అన్నాడని చదివాను. అక్కడ ఎవరికీ చరిత్ర ఉండదు, చేతిలో టిక్కెట్టు మాత్రమే ఉంటుంది. నా బాల్యమంతా అలాంటిదే అనిపించింది.

గడప | బుధవారం, మధ్యాహ్నం 12:40

ఖాళీసంచి గారూ, రాసినందుకు సంతోషం. యి-ఫు తువాన్ అనే భూగోళ శాస్త్రవేత్త గురించి చెబుతాను. చైనాలో పుట్టి, చిన్నతనం నుంచీ దేశాలు మారుతూ, అమెరికాలో స్థిరపడినవాడు. మీలాంటివాడే. చోటు గురించి అందరికన్నా ఎక్కువగా గుర్తుండే మాట చెప్పింది ఆయనే, 1977లో. విశాలమైన జాగా కదలికను ఇస్తుంది, ఆ కదలికలో మనం ఆగినప్పుడు ఆ ఆగిన తావు ‘చోటు’ అవుతుందంటాడు. పుట్టుక, వంశం ప్రసక్తి లేదు. ఆగడం, శ్రద్ధగా చూడటం, అంతే.

ఆ తొమ్మిది ఇళ్లలో మీరు ఎక్కడ ఆగారు?

ఖాళీసంచి | బుధవారం, రాత్రి 9:30

మీ ప్రశ్న పగలంతా నాతోనే ఉంది. ఇళ్లు గుర్తు రాలేదు. సామాను అట్టపెట్టెలు గుర్తొచ్చాయి. ప్రతి ఇంట్లో మొదటి రాత్రి అమ్మ పెట్టెలను వరుసగా పేర్చి, వాటి మధ్యలో మాకు పక్క వేసేది. పెట్టెల గోడ, పైన కొత్త ఫ్యాను చప్పుడు. తొమ్మిది ఊళ్లలోనూ ఆ గది ఒకటే. తెల్లారితే ఉండేది కాదు. ఇన్నేళ్లలో దాన్ని చోటు అనుకోలేదు.

రెండోగది | బుధవారం, రాత్రి 9:45

దీన్ని రాయండి. దయచేసి రాయండి.

పాతపటం | గురువారం, ఉదయం 7:30

అడిగింది ఒకటి, మీరిచ్చింది ఎంతో. తూర్పుగాలి గారి మాటలు చదివాక ఒక సంగతి తట్టింది. ‘మాలపల్లి’ని ఉన్నవవారు రాయవేలూరు జైల్లో రాశారు. 1922లో అది వెలువడింది. అదే ఏడాది ఐరిష్ రచయిత జేమ్స్ జాయిస్ ‘యులిసీస్’ కూడా వచ్చింది. డబ్లిన్ నగరంలో 1904 జూన్ 16 అనే ఒక్క రోజును పట్టుకున్న ఆ నవలను జాయిస్ ట్రియెస్టే, జ్యూరిక్, పారిస్‌లలో ఉండి రాశాడు. ఫలానా ఇంటి ముందు కటకటాలు దాటి మామూలు మనిషి కిందికి దిగగలడా అని డబ్లిన్‌లో ఉన్న అత్తకు ఉత్తరం రాసి అడిగాడు. పాత్ర ఆ రాత్రి తాళంచెవి మరచిపోయి అలా దిగాలి మరి. ఒకరు జైలు గోడల మధ్య, ఒకరు పరదేశంలో, ఇద్దరూ తాము లేని చోటును అంగుళం అంగుళం కట్టారు.

ఆ ఉత్తరం సంగతి గుర్తొచ్చాక నిన్న సాయంత్రం టేపు పట్టుకొని ఆసుపత్రికి వెళ్లాను. మెట్ల వెడల్పు నేను రాసినట్టు నాలుగడుగులు కాదు, మూడడుగుల రెండంగుళాలు. మలుపులో గోడ పక్కన కడ్డీ ఒకటి ఉంది, నేను మరచిపోయాను. ఒత్తిగిలేవాడి వీపుకు అది గుచ్చుకుంటుంది. అక్కడ నిలబడి ఉండగా పైనుంచి ఒకాయన దిగి వచ్చారు. ఆలోచించకుండానే నేను పక్కకు జరిగాను. ఆయన నా వైపు చూసి తలూపి వెళ్లిపోయారు.

కథలో అన్నే జరగాలని రాశాను. ఇప్పుడు తమ్ముడేమో అనిపిస్తోంది.

సంచారి | గురువారం, ఉదయం 8:10

కడ్డీ గుచ్చుకునేది ఎవరికో అన్నది మీ కథ. మెట్లను మళ్లీ పెట్టి, ఇంకో పత్రికకు పంపే ముందు ఇక్కడ పెట్టండి. నేను మొదట చదువుతాను.